మీ ఇంటి మీదే కెమెరా తిప్పాలంటే

మదనపల్లె టమాటా మార్కెట్ తీసుంటారు, శ్రీకాళహస్తి కలంకారీ వాళ్ళని తీసుంటారు, మే నెలలో గంగమ్మ జాతర వస్తే వేషాలన్నీ తీసుంటారు, నగరి వెళ్ళి మరమగ్గాల చప్పుడు రికార్డు చేసుకుని వచ్చుంటారు. ఇన్నాళ్ళూ ఎవరెవరి ఇళ్ళలోనో కూర్చుని వాళ్ళ కష్టసుఖాలు తీసిన మీకు ఇప్పుడు సొంత ఇంటి గురించి ఒక డాక్యుమెంటరీ తీద్దామనిపించింది. మంచిదే. కొత్త కెమెరా కొనక్కర్లేదు, ఫోన్ ఉన్నా చాలు. పద్ధతి మాత్రం మార్చాలి, ఎందుకంటే బయట షూటింగ్ అయిపోతే బస్సెక్కి వచ్చేస్తాం, ఇంట్లో షూటింగ్ అయిపోయాక కూడా అదే ఇంట్లో అన్నం తినాలి, అదే అమ్మ వడ్డించాలి, అదే చిన్నాయన ప్రతి పెళ్ళిలో ఎదురుపడతాడు. మాది తిరుపతి, మా నాయనకి గోవిందరాజస్వామి గుడి దగ్గర ఒక సందులో చిన్న ఫోటో స్టూడియో ఉంది. అది మూతపడే దశలో ఉంది, దాని మీదే నేను సినిమా తీస్తున్నాను కాబట్టి ఉదాహరణలు ఎక్కువగా అక్కడి నుంచే వస్తాయి.

ముందు 'జీవితం' అనే మాట పక్కన పెట్టండి

'నా జీవితం మీద సినిమా' అని మొదలుపెడితే అది ఒడ్డెక్కదు. పుట్టినప్పటి నుంచి చెప్పాలనిపిస్తుంది, బడి, కాలేజీ, ఉద్యోగం, గొడవలు, అన్నీ ముఖ్యమే అనిపిస్తాయి, హార్డ్ డిస్క్ నిండుతుంది, కథ మాత్రం కనిపించదు. దానికి బదులు మీ ఇంట్లో ఇప్పుడు జరుగుతున్న ఒక పనిని పట్టుకోండి, ఎప్పుడో ఒకప్పుడు అయిపోయే పనిని. తమ్ముడు కువైట్ పోవడానికి కాగితాలు సిద్ధం చేసుకుంటున్నాడు. చిత్తూరు పక్కన మీ తోటలో తోతాపురి మామిడి దిగింది, గుజ్జు ఫ్యాక్టరీలో ఏ రేటు పలుకుతుందో తెలియదు. అవ్వ ఉన్న పాత ఇంటిని అన్నదమ్ములు పంచుకోబోతున్నారు. వీటన్నిటికీ ఒక ముగింపు ఉంది, అది వచ్చేదాకా ఏం జరుగుతుందో మీకూ తెలియదు. మీరు చెప్పాలనుకున్న మిగతా జీవితం ఆ పని చుట్టూ దానంతట అదే వచ్చి చేరుతుంది, విడిగా పిలవక్కర్లేదు.

పని దొరికాక ఒక ప్రశ్న రాసుకోండి. ఒక్కటే, జవాబు మీకు తెలియనిది. 'మా నాయన గొప్ప ఫోటోగ్రాఫర్' అనేది ప్రశ్న కాదు, సన్మాన పత్రం. 'గిరాకీ లేని స్టూడియోని నాయన ఇంకా రోజూ ఎందుకు తెరుస్తున్నాడు' అనేది ప్రశ్న. కాగితం మీద రాసి కెమెరా బ్యాగులో పెట్టుకోండి, ఈ రోజు ఏం తీయాలి ఏం వదిలేయాలి అని తేలనప్పుడు తీసి చూసుకోవచ్చు. మధ్యలో ప్రశ్న మారితే పాత కాగితం పారేయకుండా కొత్తది రాసి తేదీ వేసుకోండి, ఎందుకు మారిందో చెప్పడమే ఒక్కోసారి సినిమాకి మలుపవుతుంది.

ఇంట్లో పెద్దవాళ్ళుంటే మాత్రం ప్రశ్న దొరికేదాకా ఆగకండి, ముందు తీసి పెట్టుకోండి. ఆనంద్ పట్వర్ధన్ దశాబ్దాల పాటు రాజకీయ డాక్యుమెంటరీలు తీసిన మనిషి. 2023లో ఆయన చేసిన 'ది వరల్డ్ ఈజ్ ఫ్యామిలీ'కి ఆధారం అమ్మానాన్నలు పెద్దవాళ్ళవుతున్న కాలంలో ఇంట్లో తీసి పెట్టుకున్న ఫుటేజీ. తీసేటప్పుడు అది సినిమా అవుతుందా అవదా అని తేలక్కర్లేదు. ఎడిటింగ్‌కి కూర్చునేటప్పటికి తేలాలి.

అడగడం

ఈ పనిలో అన్నిటికంటే కష్టమైనది ఇదే, కెమెరా పని దీని తర్వాతే. "ఇంట్లో తీసేదానికి ఏముంది పాపా, బోకులు తప్ప" అంది మా అమ్మ, బోకులంటే మా వైపు వంట గిన్నెలు. నాయనైతే "అందరి మొహాలూ నేను తీస్తే, నా మొహం తీసి ఎవురికి చూపిస్తావు" అని నవ్వేశాడు. ఇవి ఒప్పుకోవడమూ కాదు, వద్దనడమూ కాదు. ఇంట్లోవాళ్ళు మనకి సూటిగా వద్దని చెప్పరు, బిడ్డ అడిగింది కదా అని ఊరుకుంటారు. ఆ ఊరుకోవడాన్ని ఒప్పుకోలు కింద రాసుకోకండి.

అందుకే ఒకసారి అడిగి వదిలేయకుండా మొదలుపెట్టే ముందు, కొంత తీశాక అది చూపిస్తూ, మళ్ళీ సినిమా పూర్తిచేసే ముందు అడగండి. మొదటిసారే ఎవరు చూస్తారో విడమరిచి చెప్పండి. 'ఏదో ఫెస్టివల్‌కి పంపిస్తా' అంటే ఎవరైనా సరే అంటారు. 'యూట్యూబ్‌లో వస్తుంది, పెద్దమ్మ చూస్తుంది, ఎదురింటి వాళ్ళు చూస్తారు, నీ వియ్యంకులు చూస్తారు' అన్నప్పుడు వచ్చే జవాబే అసలు జవాబు.

షరతులు వాళ్ళనే పెట్టమనండి. మా అమ్మ పెట్టింది ఒకటే, నైటీలో ఉన్నప్పుడు తీయకూడదని. మన ఇళ్ళలో ఆడవాళ్ళు రోజులో సగం నైటీలోనే ఉంటారు కాబట్టి ఇది చిన్న షరతేం కాదు, పొద్దున కాఫీ, వంట, రాత్రి టీవీ ముందు మాటలు, అన్నీ పోతాయి. బేరమాడుకున్నాం. భుజాల మీద టవల్ వేసుకున్నాక తీయొచ్చని తేలింది. ఇప్పుడు నేను కెమెరా ఎత్తగానే అమ్మ చేతి తడి నైటీకే తుడుచుకుని, వంటింటి తలుపు వెనక మేకుకి తగిలించిన టవల్ లాగి భుజాల మీద కప్పుకుని, రెండు కొసలూ ముందుకి సర్దుకుని, "ఊఁ, ఇప్పుడు తీయ్" అంటుంది. ఈ టవల్ కప్పుకునే ముక్క నాకు దొరికిన వాటిలో చాలా మంచి షాట్. కానీ దాన్ని వాడుకోవచ్చా అని విడిగా అడగాల్సి వచ్చింది, ఎందుకంటే టవల్ వేసుకున్నాక తీయమంది గానీ వేసుకుంటుండగా తీయమనలేదు. ఉంచుకోమంది. వద్దంటే తీసేయాల్సిందే, ఎంత మంచి షాటైనా.

నోటిమాట చాలదు, కాగితం కూడా కావాలి. అమ్మతో సంతకమేంటి అనిపిస్తుంది, కానీ ఛానళ్ళూ ఓటీటీల వాళ్ళూ చివర్లో అడిగేది అదే, అన్నదమ్ముల మధ్య మాట తేడా వచ్చినప్పుడు అక్కరకొచ్చేదీ అదే. తెలుగులో ఒక పేజీ రాయండి: సినిమా దేని గురించి, ఎక్కడెక్కడ చూపిస్తారు, డబ్బు వస్తే ఏం చేస్తారు, వద్దనుకుంటే ఎప్పటిలోగా చెప్పాలి. పద్దెనిమిదేళ్ళ లోపు పిల్లలకి తల్లిదండ్రుల సంతకం తీసుకోండి, పిల్లల్ని కూడా అడగండి, నాలుగేళ్ళ తర్వాత క్లాసులో ఎగతాళి భరించేది వాళ్ళే.

ఇంట్లో పనికి వచ్చే ఆమె విషయంలో ఇంకా జాగ్రత్త. జీతమిచ్చేది మీ అమ్మ కాబట్టి మీరు అడిగితే ఆమె కాదనలేదు. నిష్ఠా జైన్ తన ఇంట్లో పనిచేసే అమ్మాయికీ తనకీ మధ్య ఉన్న సంబంధాన్నే 2007లో 'లక్ష్మీ అండ్ మీ'గా తీశారు, అంటే ఈ చిక్కు ఒక సినిమాకి సరిపోయేంత పెద్దది. మీ సినిమా దాని గురించి కాకపోతే పని వేళ కానప్పుడు, మీ అమ్మ పక్కన లేనప్పుడు అడగండి, కొంచెం తటపటాయించినా ఆమె ఫ్రేములో రాకుండా చూసుకోండి.

మీరెక్కడ ఉంటారు

సొంత కథ అనగానే చాలామంది కెమెరాని తమ మొహానికి ఎదురుగా పెట్టి మాట్లాడేస్తారు. అది వ్లాగ్ అవుతుంది. వ్లాగ్ తప్పేం కాదు గానీ మీరు అనుకున్నది అది కాదు. మొదట్లో కెమెరా వెనకే ఉండండి, మీ గొంతు మాత్రం వినపడనివ్వండి. అమ్మ మీతో మాట్లాడుతోందంటే ఆమె చూపే చెప్తుంది కెమెరా వెనక ఉన్నది కూతురని. మీరు కనపడి తీరాల్సిన చోటు తర్వాత అదే దొరుకుతుంది. మా స్టూడియోలో గిరాకీ కోసం గోడకి ఒక అద్దం, కింద పలక మీద దువ్వెన, పౌడరు డబ్బా ఉంటాయి. అన్ని స్టూడియోల్లోనూ ఉంటాయి. నేను సినిమాలో ఆ అద్దంలో తప్ప ఇంకెక్కడా కనపడకూడదని నియమం పెట్టుకున్నాను. మీకూ అలాంటి నియమం ఒకటి ఉంటే మంచిది, లేకపోతే ఎడిటింగ్‌లో మీ మొహం అవసరం ఉన్నా లేకపోయినా వచ్చి కూర్చుంటుంది.

పెద్దవాళ్ళతో మాట్లాడేటప్పుడు స్క్రీన్ వైపు చూస్తూ మాట్లాడకండి. ఫోన్‌ని చిన్న స్టాండు మీద పెట్టి, ఫ్రేము చూసుకుని, పక్కన కింద కూర్చుని వాళ్ళ కళ్ళలోకి చూస్తూ మాట్లాడండి. వాళ్ళు చాప మీద కూర్చుంటే కెమెరా కూడా చాప ఎత్తులోనే ఉండాలి, నిలబడి కిందకి తీస్తే విచారణ చేస్తున్నట్టు ఉంటుంది. బయటి కెమెరామన్‌ని పిలిస్తే బొమ్మ బాగుంటుంది గానీ, మన ఇంట్లోకి బయటి మనిషి రాగానే కాఫీలు, మంచి చీరలు, కుర్చీలో నిటారుగా కూర్చోవడం మొదలవుతాయి.

రోజూ పడుకునే ముందు ఆ రోజు తీసిందాని గురించి ఫోన్‌లో మాట్లాడి రికార్డు చేసుకోండి. రాసుకోవద్దు, మాట్లాడండి, ఇంట్లో మాట్లాడే యాసలోనే. రేపు వాయిస్ ఓవర్ కావాల్సి వస్తే సగం ఇక్కడే దొరుకుతుంది. తీరిగ్గా రాసి చదివిన వాయిస్ ఓవర్‌లో 'బాల్యపు జ్ఞాపకాల దొంతరలు' లాంటి మాటలు దూరిపోతాయి.

సెట్టింగులు, త్వరగా

మన దగ్గర కరెంటు 50 హెర్ట్జ్. ఫోన్లు మామూలుగా సెకనుకి 30 ఫ్రేములు తీస్తాయి, ట్యూబ్‌లైటు కింద, చవక ఎల్ఈడీల కింద ఆ వీడియోలో వెలుగు అదురుతుంది. సెకనుకి 25 ఫ్రేములు, షటర్ (ఒక్కో ఫ్రేముకి వెలుగు పడే సమయం) 1/50 సెకను పెట్టుకుంటే చాలావరకు పోతుంది. ఫోన్ సొంత యాప్‌లో ఈ వీలు లేకపోతే బ్లాక్‌మ్యాజిక్ కెమెరా యాప్ ఉచితంగా దొరుకుతుంది. ఎక్స్‌పోజర్ (వెలుగు ఎంత), వైట్ బ్యాలెన్స్ (రంగు ఎలా) లాక్ చేయండి, లేకపోతే అమ్మ కిటికీ ముందు నుంచి నడిచినప్పుడల్లా ఆమె మొహం నల్లబడి తెల్లబడుతుంది. ఫోన్‌ని ఫ్లైట్ మోడ్‌లో పెట్టండి.

ఐఫోన్‌లో 4కే 30 ఫ్రేముల వీడియో నిమిషానికి దాదాపు 170 ఎంబీ, గంటకి పది జీబీ. ఇంటి సినిమాకి గంటలు గంటలు పోగవుతాయి కాబట్టి 1080లో (ఫుల్ హెచ్‌డీలో) తీసినా నష్టం లేదు, నిమిషానికి 60 ఎంబీతో సరిపోతుంది. రెండు డ్రైవుల్లోకి కాపీ చేశాకే ఫోన్‌లోంచి తీసేయండి, రెండో డ్రైవు మీ ఇంట్లో కాకుండా ఇంకో ఇంట్లో ఉండాలి. ఫోన్ ఫుటేజీలో ఫ్రేముల వేగం నిలకడగా ఉండదు, విడిగా రికార్డు చేసిన సౌండు మెల్లగా పెదాలతో తప్పిపోతుంది, అందుకని ఎడిటింగ్‌కి ముందు హ్యాండ్‌బ్రేక్ అనే ఉచిత సాఫ్ట్‌వేర్‌లో స్థిరమైన ఫ్రేమ్ రేటుకి మార్చుకోండి.

శబ్దం

బొమ్మ కొంచెం మసకగా ఉంటే జనం సర్దుకుంటారు, మాట వినపడకపోతే లేచి వెళ్ళిపోతారు. మన ఇళ్ళలో శబ్దం అంటే ఫ్యాను, మిక్సీ, కుక్కరు విజిల్, ఫ్రిజ్ రొద, టీవీలో భక్తి ఛానల్, సందులో కూరగాయల బండి మైకు, పండగొస్తే గుడి మైకు. వీటిలో మీ చేతిలో ఉన్నవి కొన్నే.

ఫ్రిజ్ ఆపేయొచ్చు. మళ్ళీ వేయడం మర్చిపోతే పాలు విరుగుతాయి, సినిమా కంటే పెద్ద గొడవవుతుంది. అందుకే సౌండ్ వాళ్ళు ఒక పని చేస్తారు: ఫ్రిజ్ ఆపగానే బండి తాళాలు తీసి ఫ్రిజ్‌లో పెట్టేస్తారు. షూటింగ్ అయ్యాక బయటికి పోవాలంటే తాళాల కోసం ఫ్రిజ్ తెరవాల్సిందే. ఫ్యాను సంగతి వేరు. తిరుపతిలో ఏప్రిల్, మే నెలల్లో మధ్యాహ్నం ఫ్యాను ఆపి డెబ్బై ఏళ్ళ మనిషిని మాట్లాడమనడం పాపం, అలా తీయకండి. కాలర్ మైకుని గొంతుకి జానెడు దూరంలో పెట్టి, సీలింగ్ ఫ్యాను ఆపి టేబుల్ ఫ్యానుని దూరంగా తక్కువ స్పీడులో వేయండి. ఇంకా మంచిది, పొద్దున ఆరింటికి కూర్చోండి. చల్లగా ఉంటుంది, కాఫీ తాగుతూ ఉంటారు, ఆ వేళకి వచ్చే మాటలు పదకొండింటికి రావు.

రికార్డింగ్ 48 కిలోహెర్ట్జ్‌లో పెట్టండి, మాట్లాడేటప్పుడు లెవెల్ మైనస్ 12 డెసిబెల్స్ దగ్గర ఆడేలా చూసుకోండి, నవ్వినా అరిచినా శబ్దం పగలదు. హెడ్‌ఫోన్స్ పెట్టుకునే తీయండి. ప్రతి గదిలో ఎవరూ మాట్లాడకుండా ఒక నిమిషం ఖాళీ శబ్దం రికార్డు చేసుకోండి, మాటల మధ్య కోతలు పడ్డప్పుడు కింద పరుచుకోవడానికి అదే కావాలి. మా స్టూడియో ఖాళీ శబ్దంలో గుడి వైపు నుంచి గంట, పక్క లాడ్జి మెట్ల మీద చెప్పులు, ఎవరో పిల్లాణ్ణి తమిళంలో పిలవడం ఉన్నాయి. అది నా నేపథ్య సంగీతంగా సరిపోతుంది, డబ్బులిచ్చి కొనక్కర్లేదు.

సంగీతం దగ్గర ఒక మెలిక ఉంది, తిరుపతిలో తీసేవాళ్ళకి మరీ ముఖ్యం. వెనకాల టీవీలో సినిమా పాట మోగుతుంటే యూట్యూబ్ పట్టేస్తుంది, అది అందరికీ తెలుసు. అన్నమయ్య కీర్తన అయితే ఏమవుతుందిలే అనుకుంటారు. ఆయన 1503లో పోయారు, సాహిత్యం మీద ఎవరికీ హక్కు లేదు, నిజమే. కానీ ఆ కీర్తనలు చెక్కిన రాగిరేకుల మీద రాగం పేర్లున్నాయి గానీ మనం ఇప్పుడు పాడుకునే స్వరాలు లేవు. మనం వినే బాణీలు చాలావరకు ఇరవయ్యో శతాబ్దంలో రాళ్ళపల్లి అనంతకృష్ణశర్మ, గరిమెళ్ళ బాలకృష్ణప్రసాద్ లాంటి వాళ్ళు కట్టినవి. బాణీకి హక్కులు వేరు, రికార్డింగుకి వేరు, రికార్డింగు హక్కు మన చట్టంలో 60 ఏళ్ళు ఉంటుంది. కాబట్టి మాట్లాడించేటప్పుడు టీవీ ఆపించండి. అమ్మ పని చేసుకుంటూ రెండు ముక్కలు కూనిరాగం తీస్తే ఎవరూ రారు, పాట మొత్తం పాడి అదే సినిమాకి ముఖ్యమైతే ఆ బాణీ ఎవరిదో కనుక్కుని అనుమతి తీసుకోండి.

పాత ఫోటోలు, నెగటివ్‌లు, పెళ్ళి క్యాసెట్

మంచం కింద ట్రంకు పెట్టె, బీరువా పైన సూట్‌కేసు, అటక మీద అట్టపెట్టె, మూడూ దించండి. నెగటివ్‌లు ఉన్న డబ్బా తెరవగానే పుల్లగా వెనిగర్ వాసన వస్తే వాటి అసిటేట్ ఫిల్ము చెడిపోవడం మొదలైందని అర్థం, మిగతా వాటి నుంచి వేరు చేసి ముందు వాటినే స్కాన్ చేయండి. అంచులు పట్టుకోండి, తడిగుడ్డతో తుడవకండి, గాలి బుడ్డితో దుమ్ము ఊదండి చాలు. పెద్ద స్కానర్ లేకపోయినా పర్లేదు. పిల్లలు బొమ్మలు దిద్దుకునే ఎల్ఈడీ పలక మీద నెగటివ్ కొంచెం ఎత్తులో పెట్టి, పైనుంచి మాక్రోలో (బాగా దగ్గరగా తీసే మోడ్‌లో) ఫోటో తీసి, రంగులు తిరగేస్తే సినిమాకి సరిపోయే బొమ్మ వస్తుంది.

ఫ్రేము కట్టించిన ఫోటో అద్దానికి అతుక్కుపోయి ఉంటే లాగకండి, అద్దంతోనే తీయండి, లైటు పక్క నుంచి 45 డిగ్రీల్లో పడేలా చూసుకుంటే మెరుపు రాదు. జిగురు పేజీల ఆల్బంలో ఇరుక్కున్న వాటి కింద పళ్ళు శుభ్రం చేసుకునే దారాన్ని రంపంలా మెల్లగా లాగితే ఊడొస్తాయి. వీహెచ్ఎస్ క్యాసెట్‌కి ఉన్న చిన్న కిటికీలోంచి చూస్తే టేపు మీద తెల్లటి బూజు కనిపిస్తే దాన్ని ప్లేయర్‌లో పెట్టకండి, హెడ్ పాడవుతుంది, తర్వాత అందులో పెట్టిన మంచి క్యాసెట్లకి కూడా బూజు అంటుకుంటుంది. శుభ్రం చేసి కాపీ చేసే వాళ్ళకి ఇవ్వండి.

స్కాన్ చేయడం కంటే ముఖ్యమైనది, ఆల్బం తిప్పుతూ పెద్దవాళ్ళు మాట్లాడేది. కెమెరాని పైనుంచి ఆల్బం మీదకి పెట్టి, మైకు తగిలించి, మీరు నోరు మూసుకుని పేజీలు వాళ్ళనే తిప్పనివ్వండి. ఎవరి దగ్గర వేలు ఆగుతుందో, ఎవరి పేజీ వస్తే గబగబా తిప్పేస్తారో అదంతా బొమ్మలోనే ఉంటుంది. 'ఈయనెవరు' అని అడగొద్దు, కాసేపు ఆగితే వాళ్ళే చెప్తారు, చెప్పకపోతే అది ఇంకా మంచి సంగతి, ఇంకో రోజు వేరేవాళ్ళని అడగొచ్చు.

మా ఇంట్లో ఇంకో చిక్కుంది. నాయన దగ్గర ఉన్న నెగటివ్‌లలో ఎక్కువ యాత్రికులవి, వెనక ఏడుకొండలు, గోపురం పెయింట్ చేసిన తెర, ముందు కొత్తగా గుండు కొట్టించుకుని గంధం పూసుకున్న కుటుంబం మొత్తం వరుసగా. చూస్తుంటే అన్నీ వాడేయాలనిపిస్తుంది. కానీ 1957 నాటి కాపీరైట్ చట్టం ప్రకారం డబ్బు తీసుకుని తీసిన ఫోటోకి, వేరే ఒప్పందం ఏదీ లేకపోతే, హక్కుదారు తీయించుకున్న మనిషే, తీసిన ఫోటోగ్రాఫర్ కాదు. ఈ మాట చెప్తే నాయన నమ్మలేదు. "కాలు నొప్పులు పుట్టేలా నిలబడి తీసింది నేనైతే, హక్కు వాళ్ళదంటావా" అని ఆ రోజంతా సణిగాడు, ఆ సణుగుడు సినిమాలో ఉంది. హక్కుల సంగతి అలా ఉంచినా ఎవరింటివో మొహాలు అవి, ఎవరో తెలియదు, ఉన్నారో లేదో తెలియదు. నేను తెరనీ, నాయన లైటు సర్దిన తీరునీ, వరుసగా ఉన్న కాళ్ళనీ వాడుకుంటున్నాను. మొహాలు మా చుట్టాలవి మాత్రమే.

గడప దాటాక

తిరుపతి కథలో కొండ లేకుండా ఎట్లా అంటారు. తిరుమలలో క్యూ కాంప్లెక్స్‌లోకీ గుడిలోకీ ఫోన్, కెమెరా తీసుకుపోనివ్వరు, గుడి ముందు రీల్స్ తీస్తే ఊరుకోరు, డ్రోను అసలే కుదరదు. దొంగచాటుగా తీసింది రేపు ఫెస్టివల్ వాళ్ళు అడిగితే చూపించలేరు, కాబట్టి ఆ ఆలోచనే వద్దు. మీ కథకి గుడి లోపల పని లేదు కూడా. ఊళ్ళో ఏ మిద్దె ఎక్కినా కొండ కనపడుతుంది, రాత్రయితే ఘాట్ రోడ్డు దీపాలు గీతలాగా కనపడతాయి, మనవాళ్ళు బట్టలారేస్తూ కూడా అటు తిరిగి ఒకసారి దండం పెట్టుకుంటారు. తిరుపతిలో బతకడం అంటే ఏంటో ఆ ఒక్క షాట్‌లో వస్తుంది. రైల్వే స్టేషన్‌లో, బస్టాండులో తీయాలంటే ముందుగా అనుమతి అడగండి.

గంగమ్మ జాతరలో మీ ఇంటివాళ్ళు మొక్కు కోసం వేషం కడుతుంటే, వేషం వేసుకునే ఇంట్లో తీయండి, వీధిలో అందరూ తీస్తారు. చీర కట్టించుకుంటున్న బావ, పిన్నులు పెడుతున్న వదిన, మొక్కు ఎందుకు మొక్కుకున్నాడో ఆ టైంలో వచ్చే మాట. ఇంకొకటి, వేషంలో ఉన్నవాళ్ళు బూతులు తిట్టడం ఆనవాయితీ అని మనకి తెలుసు, శ్రీకాకుళంలో చూసేవాళ్ళకి తెలియదు. ఆ ముక్క వాడితే ముందో వెనకో అది తెలిసేలా ఏదో ఒకటి ఉండాలి, లేకపోతే మీ బావని రౌడీ అనుకుంటారు.

కెమెరా దించేయాల్సిన వేళ

మీరు చేయి వేయాల్సిన పని ఉంటే కెమెరా కింద పెట్టండి. నాయన మెట్ల మీద తూలితే పట్టుకోవాలి. ఆసుపత్రిలో తీయనివ్వరు, తీయనిచ్చినా మందులు తెచ్చేది మీరే. గొడవ జరుగుతుంటే తీయొచ్చా అని అందరూ అడుగుతారు. ఆ గొడవలో మీరూ ఒక మనిషైతే తీయకండి, కెమెరా చేతిలో ఉన్నవాడిదే పైచేయి అవుతుంది. మర్నాడు అందరూ చల్లబడ్డాక దాని గురించి మాట్లాడమని అడగండి, చాలాసార్లు అదే బాగుంటుంది.

ఎడిటింగ్

డావిన్చీ రిజాల్వ్ అనే ఎడిటింగ్ సాఫ్ట్‌వేర్ ఉచిత వెర్షన్ చాలు. అసలు కావాల్సింది మీ ఇంట్లో ఎప్పుడూ అన్నం తినని ఒక ఎడిటర్. అమ్మ 'సరేలే' అంటే మీకు ఇరవై రకాల అర్థాలు తెలుసు, బయటివాళ్ళకి ఒక్కటే వినపడుతుంది. 'ఈమె ఇక్కడ ఎందుకు మొహం తిప్పుకుంది' అని అడిగేవాళ్ళు పక్కన ఉండాలి. అంతా మీరే చేసుకోక తప్పదంటే మొదటి కోత అయ్యాక మీ ఇంటి సంగతులు తెలియని ముగ్గురికి చూపించి, కథ ఏంటో మీకే తిరిగి చెప్పమనండి. బాగుందా అని అడగొద్దు, బాగుందనే అంటారు.

మాటలన్నీ ముందు కాగితం మీదకి ఎత్తుకోండి. విసుగు పని, తప్పదు. 'యాడికి', 'ఎవురు', 'తీసేదానికి' అని పలికింది పలికినట్టే రాయండి. సబ్‌టైటిల్స్ కోసం మార్చేటప్పుడు మనవాళ్ళ మాటని దిద్ది పుస్తకం తెలుగు చేయాలన్న సరదా కొందరికి ఉంటుంది, దాన్ని అణుచుకోండి.

ఇంట్లో వాళ్ళకి చూపించి, తర్వాత బయటికి

పూర్తయిందని మీరు అనుకున్నాక, ఇంకా మార్చే వీలుండగానే, హాల్లో టీవీలో పెట్టి ఇంట్లోవాళ్ళకి చూపించండి. పగలు చూపించండి, రాత్రి చూపిస్తే ఆ బాధతో పడుకుంటారు. పక్కన కాకుండా వెనక కూర్చోండి, మీ మొహం చూసి మొహమాటపడకుండా. వాళ్ళు దేనికి అభ్యంతరం చెప్తారో మీరు ఊహించలేరు. స్టూడియో అప్పు గురించి అమ్మా నాయనా కొంచెం గట్టిగానే మాట్లాడుకున్న ముక్కకి మా అమ్మ ఏమీ అనలేదు. వెనకాల సింకులో కడగని బోకులు కనపడుతున్న షాట్ దగ్గర మాత్రం "అది తీసేయ్ పాపా, నీ అత్తగారోళ్ళు చూస్తే నన్ను ఏమనుకుంటారు" అంది. ఫ్రేము కొంచెం దగ్గరికి జరిపితే సింకు పోయింది. ఇలాంటివి వెంటనే ఒప్పుకోండి, సినిమాకి పోయేదేం లేదు. 'ఇది జరగలేదు' అంటే విని సరిచూసుకోండి. 'ఇది జరిగింది గానీ ఊరందరికీ ఎందుకు' అంటే అది మాత్రం కూర్చుని తేల్చుకోవాల్సిన మాట, ఆ రోజే తేలదు. వాళ్ళ ఆరోగ్యం, అప్పు, పెళ్ళి సంబంధాల మీద ప్రభావం పడేదైతే నేను వాళ్ళ మాటే వింటాను, సినిమా కొంచెం చప్పబడినా సరే.

బయటికి పంపేటప్పుడు వరుస ముఖ్యం. చాలా ఫెస్టివల్స్ ముందే ఆన్‌లైన్‌లో ఉన్న సినిమాని తీసుకోవు, కాబట్టి యూట్యూబ్ చివర. మనకి దగ్గర్లో త్రివేండ్రంలో కేరళ వాళ్ళ డాక్యుమెంటరీ, షార్ట్ ఫిల్మ్ ఫెస్టివల్ 2008 నుంచి జరుగుతోంది, ముంబైలో 1990లో మొదలైన మిఫ్ (ముంబై ఇంటర్నేషనల్ ఫిల్మ్ ఫెస్టివల్) రెండేళ్ళకోసారి వస్తుంది. ఫెస్టివల్‌కి సెన్సార్ మినహాయింపు దొరుకుతుంది, అదే సినిమాని ఊళ్ళో హాలు తీసుకుని జనానికి చూపించాలంటే 1952 సినిమాటోగ్రాఫ్ చట్టం కింద సర్టిఫికెట్ కావాలి, ముందే అప్లై చేసుకోండి.

ఈలోగా చుట్టాలు అడుగుతారు, ముఖ్యంగా సినిమాలో ఉన్నవాళ్ళు. ఫైలు పంపొద్దు, పాస్‌వర్డ్ ఉన్న లింకు పంపండి. పాస్‌వర్డ్ మనిషికొకటి పెట్టే వీలుంటే ఇంకా మంచిది, ఎందుకంటే మా పెద్దనాయన ఫోన్‌కి వెళ్ళిన ఏ సంగతైనా సాయంత్రానికి కుటుంబం వాట్సాప్ గ్రూపులో ఉంటుంది.